పీహెచ్‌డీ ఉంది, దానికి సర్టిఫికెట్ లేదు: ఒక అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టు కేసు

హైకోర్టులో సర్వీసు కేసులు, ముఖ్యంగా యూనివర్సిటీ నియామకాల కేసులు చూసే లాయర్‌ని. నాకు నెలకి ఒకరైనా ఇదే మాటతో ఫోన్ చేస్తారు: "పీహెచ్‌డీ ఉంది సార్, నెట్ లేదు, అప్లికేషన్ రిజెక్ట్ చేశారు." నెట్ అంటే కాలేజీల్లో, యూనివర్సిటీల్లో పాఠాలు చెప్పడానికి జాతీయ స్థాయిలో పెట్టే అర్హత పరీక్ష. ఇలా ఫోన్ చేసేవాళ్లందరికీ విడివిడిగా చెప్పే బదులు ఒక కేసు మొత్తం రాసి పెడదామనిపించింది. క్లయింట్‌ని అడిగే రాస్తున్నాను. ఊరు, సబ్జెక్టు, యూనివర్సిటీల పేర్లు చెప్పను, ఆవిడ చదువు సంవత్సరాలు కూడా కొంచెం మార్చాను. రూల్స్ తేదీలు, తీర్పులు మాత్రం ఉన్నవి ఉన్నట్టే రాశాను.

ఆవిడ ఒక రాష్ట్ర యూనివర్సిటీలో పదకొండేళ్లుగా కాంట్రాక్ట్ మీద పాఠాలు చెబుతున్నారు. ఇకమీదట దీన్ని "రెండో యూనివర్సిటీ" అంటాను, ఎందుకంటే పీహెచ్‌డీ చేసింది ఇక్కడ కాదు, వేరే చోట. అది "మొదటి యూనివర్సిటీ". పీహెచ్‌డీ రిజిస్ట్రేషన్ 2007లో, డిగ్రీ వచ్చింది 2012లో. ఉద్యోగం చేస్తూ పార్ట్‌టైమ్‌గా చేశారు. నెట్ రాయలేదు, రాష్ట్ర స్థాయిలో అలాంటిదే అయిన సెట్ కూడా రాయలేదు. రాయకపోవడానికి కారణం ఉంది, బద్ధకం కాదు. 2006 జూన్‌లో యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్ (యూజీసీ) తెచ్చిన సవరణ ప్రకారం పీహెచ్‌డీ ఉంటే నెట్ అక్కర్లేదు. ఆ మాట నమ్ముకునే ఆవిడ రీసెర్చ్‌లో చేరారు. 2009 జూలై 11న ఆ మాట మారిపోయింది. అదే ఏడాది వచ్చిన కొత్త పీహెచ్‌డీ రెగ్యులేషన్స్ ప్రకారం డిగ్రీ తీసుకున్నవాళ్లకే నెట్ మినహాయింపు అన్నారు. అంటే ప్రవేశ పరీక్ష, కోర్స్‌వర్క్ లాంటివన్నీ ఉండాలి. 2007లో చేరిన మనిషికి ఆ కోర్స్‌వర్క్ ఎక్కడి నుంచి వస్తుంది? ఆ రోజుల్లో రీసెర్చ్‌లో ఉన్న ఎంతోమంది ఈ సందులో ఇరుక్కుపోయారు.

రిజెక్షన్

రెండో యూనివర్సిటీ చాలా ఏళ్ల తర్వాత రెగ్యులర్ అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టులకి నోటిఫికేషన్ ఇచ్చింది. యూజీసీ 2018 రెగ్యులేషన్స్ వర్తిస్తాయని అందులోనే రాసింది. ఆవిడ అప్లై చేశారు. స్క్రూటినీ అయ్యాక వెబ్‌సైట్‌లో పెట్టిన జాబితాలో ఆవిడ పేరు ఎదురుగా ఒకే ఒక్క లైను: "నెట్/సెట్ లేదు, అర్హత లేదు." అభ్యంతరం చెప్పుకోవడానికి ఇచ్చింది మూడు రోజులు. ఆవిడ ఈమెయిల్ పెట్టారు, జవాబు రాలేదు. నా దగ్గరకి వచ్చేసరికి ఇంటర్వ్యూలకి తొమ్మిది రోజులుంది.

కాగితాలన్నీ ఒక సంచిలో వేసుకుని వచ్చారు. మార్కుల మెమోలు, సర్వీస్ సర్టిఫికెట్లు, సెమినార్ సర్టిఫికెట్లు, పేపర్ల జిరాక్సులు. ఆ సంచిని ఆ రోజే పూర్తిగా చదివి ఉంటే కేసులో రెండు నెలలు ఆదా అయ్యేవి. నేను చదవలేదు. తొమ్మిది రోజులే ఉందన్న టెన్షన్‌లో డిగ్రీ, నోటిఫికేషన్, రిజెక్షన్ లిస్టు, సర్వీస్ సర్టిఫికెట్లు తీసుకుని మిగతావి తిరిగి ఇచ్చేశాను.

మొదట ఏం చేశాను, ఎందుకు నిలవలేదు

మర్నాడు లంచ్ మోషన్ అడిగి, అంటే అత్యవసరంగా ఆ మధ్యాహ్నమే వినమని కోరి, హైకోర్టులో రిట్ పిటిషన్ వేశాను. నా వాదన రెండు కాళ్ల మీద నిలబడింది. ఆవిడ చేరినప్పుడు ఉన్న రూలు ప్రకారం పీహెచ్‌డీ చాలు, కాబట్టి తర్వాత వచ్చిన మార్పు ఆవిడ హక్కుని తీసేయకూడదన్నది ఒకటి. పదకొండేళ్లు అదే యూనివర్సిటీ ఆవిడ చేత ఎంఏ క్లాసులకి పాఠాలు చెప్పించుకుని ఇప్పుడు అర్హత లేదనడం అన్యాయమన్నది రెండోది.

వినడానికి రెండూ బాగుంటాయి. చట్టంలో రెండూ నిలవవు. మొదటిదానికి 2015 మార్చి 16న సుప్రీంకోర్టు పి. సుశీల కేసులో తలుపు మూసేసింది. ఉద్యోగానికి కావలసిన అర్హతలు నియామకం జరిగే లోపు ఎప్పుడైనా మార్చవచ్చు, పీహెచ్‌డీ చేసినంత మాత్రాన లెక్చరర్ పోస్టు మీద హక్కు పుట్టదు, ఆశ పెట్టుకున్నామన్నా అది విస్తృత ప్రజాప్రయోజనం ముందు నిలవదు అని ఆ తీర్పు సారాంశం. నాకు ఆ తీర్పు తెలుసు. మన కేసు వేరని చూపించగలననుకున్నాను. ఏ రకంగా వేరో మాత్రం కాగితం మీద పెట్టలేకపోయాను.

రెండోది, అనుభవం. ఈ మాట కాంట్రాక్ట్ లెక్చరర్లకి బాధ కలిగిస్తుందని తెలుసు, అయినా చెప్పాలి: అనుభవం షార్ట్‌లిస్టింగ్‌లో మార్కులకి పనికొస్తుంది, కనీస అర్హత లోటుని అది పూడ్చదు. 2018 రెగ్యులేషన్స్‌లో యూనివర్సిటీ అసిస్టెంట్ ప్రొఫెసర్ షార్ట్‌లిస్ట్ కోసం ఇచ్చిన పట్టికలో టీచింగ్ అనుభవానికి 100కి గరిష్ఠంగా 10 మార్కులున్నాయి. గేటు దాటాక లెక్కపెట్టే మార్కులవి.

జడ్జిగారు ఓపిగ్గా విన్నారు. విని ఒక్క ప్రశ్న వేశారు: 2009కి ముందు రిజిస్టర్ అయినవాళ్లకి రెగ్యులేషన్‌లోనే మినహాయింపు ఉంది కదా, ఆ షరతులు మీ క్లయింట్‌కి ఉన్నాయా, సర్టిఫికెట్ ఏది?

నా దగ్గర సర్టిఫికెట్ లేదు. అఫిడవిట్‌లో ఆ మాటే లేదు. మధ్యంతర ఉత్తర్వు ఇవ్వలేదు, నోటీసులిచ్చి మూడు వారాల తర్వాతకి వేశారు. బయటికొచ్చాక ఆవిడ ఏమీ అనలేదు. "ఇంక అయిపోయినట్టేనా సార్" అని మాత్రం అడిగారు. ఆ ప్రశ్న చాలా రోజులు నన్ను వదల్లేదు.

ఒక విషయంలో మాకు కలిసొచ్చింది. ఆ సబ్జెక్టుకి బయటి నిపుణుల జాబితా ఖరారు కాక ఆ ఒక్క డిపార్ట్‌మెంట్ ఇంటర్వ్యూలు వాయిదా పడ్డాయి. లేకపోతే ఈ కేసు గురించి రాయడానికి ఏమీ ఉండేది కాదు.

ఆ ఐదు షరతులు

జడ్జిగారు అడిగినది ఇదీ. సుశీల తీర్పు తర్వాత దేశమంతా గొడవ అవుతుంటే యూజీసీ 2016 జూలైలో ఒక సవరణ తెచ్చింది, దాన్నే 2018 రెగ్యులేషన్స్‌లోనూ కొనసాగించింది. 2009 జూలై 11 కంటే ముందు పీహెచ్‌డీకి రిజిస్టర్ అయినవాళ్లకి అప్పటి వాళ్ల యూనివర్సిటీ రూల్సే వర్తిస్తాయి, ఐదు షరతులు తీరితే నెట్ అక్కర్లేదు. డిగ్రీ రెగ్యులర్ పద్ధతిలో వచ్చి ఉండాలి. థీసిస్‌ని కనీసం ఇద్దరు బయటి ఎగ్జామినర్లు దిద్ది ఉండాలి. ఓపెన్ వైవా, అంటే అందరి ముందు మౌఖిక పరీక్ష, జరిగి ఉండాలి. పీహెచ్‌డీ పని నుంచి రెండు పరిశోధన పత్రాలు అచ్చయి, వాటిలో ఒకటైనా రెఫరీడ్ జర్నల్‌లో (నిపుణులు పరిశీలించాకే వ్యాసాలు వేసే పత్రికలో) ఉండాలి. యూజీసీ, ఐసీఎస్‌ఎస్‌ఆర్, సీఎస్‌ఐఆర్ లాంటి, పరిశోధనకి నిధులిచ్చే సంస్థల సాయంతో జరిగిన సదస్సుల్లో రెండు పత్రాలు చదివి ఉండాలి. ఇవన్నీ తీరాయని డిగ్రీ ఇచ్చిన యూనివర్సిటీ రిజిస్ట్రార్ గానీ అకడమిక్ వ్యవహారాల డీన్ గానీ సర్టిఫై చేయాలి.

అంటే సుశీల తీర్పుతో యుద్ధం చేయాల్సిన అవసరమే లేదు. ఆ తీర్పు తర్వాత రూలే మారింది, మారిన రూలులో ఆవిడకి చోటుంది. నేను పెద్ద రాజ్యాంగ ప్రశ్న ఎత్తుకుని పక్కనున్న చిన్న తలుపుని చూడలేదు.

ఇంకో దారి కూడా ఆలోచించాను. రాష్ట్ర ప్రభుత్వం స్వీకరిస్తే తప్ప యూజీసీ రెగ్యులేషన్స్ రాష్ట్ర యూనివర్సిటీలకి తప్పనిసరి కావని 2015లో కల్యాణి మదివణన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దాన్ని పట్టుకుని అసలు నెట్ షరతే వర్తించదని వాదించొచ్చా? వద్దనుకున్నాను. రెండు కారణాలు. నోటిఫికేషనే 2018 రెగ్యులేషన్స్‌ని తనలో కలుపుకుంది, ఆవిడ దానికి ఒప్పుకునే అప్లై చేశారు, ఇప్పుడు అది చెల్లదంటే "అప్లై చేసేటప్పుడు ఏమైంది" అని అడుగుతారు, ఆ ప్రశ్నకి మంచి జవాబు లేదు. రెండోది ఇంకా ముఖ్యం: రెగ్యులేషన్ వర్తించదంటే నాకు కావలసిన మినహాయింపు కూడా వర్తించదు. కూర్చున్న కొమ్మని నరుక్కున్నట్టే.

సంచిలో దొరికినది

ఆ ఆదివారం ఆవిడని మళ్లీ పిలిచి సంచి మొత్తం టేబుల్ మీద పోయించాను. ఈసారి ఐదు షరతులకి ఐదు కుప్పలు పెట్టాం. కుప్పలు సర్దుతుంటే ఒక జిరాక్స్ కాగితం కనిపించింది. మొదటి యూనివర్సిటీ రిజిస్ట్రార్‌కి ఆవిడ రాసిన ఉత్తరం, ఐదు పాయింట్ల సర్టిఫికెట్ ఇమ్మని. దాని మీద ఆఫీసులో అందినట్టు వేసే గుండ్రటి ఇన్‌వార్డ్ ముద్ర, కింద పెన్నుతో నంబరు, తేదీ. ఆ తేదీ నోటిఫికేషన్ చివరి తేదీకి పంతొమ్మిది రోజులు ముందు.

"ఇది నాకెందుకు చూపించలేదమ్మా?" అని అడిగాను. "వాళ్లు ఇవ్వలేదు కద సార్, పనికిరాని కాగితం అనుకున్నాను" అన్నారు.

మూడుసార్లు తిరిగారట. మొదటిసారి ఫార్మాట్ లేదన్నారు. రెండోసారి 2009కి ముందు వాళ్లకి ఇచ్చేది లేదన్నారు, నిజానికి ఆ సర్టిఫికెట్ ఉన్నదే 2009కి ముందు వాళ్ల కోసం. మూడోసారి సెక్షన్ సూపరింటెండెంట్ సెలవులో ఉన్నారు. తర్వాత చివరి తేదీ వచ్చేసింది, సర్టిఫికెట్ లేకుండానే అప్లై చేశారు. అప్లికేషన్‌లో మినహాయింపు అడిగే గడి ఒకటుంటే అందులో "2009కి ముందు రిజిస్ట్రేషన్, సర్టిఫికెట్‌కి దరఖాస్తు చేశాను" అని రాశారు కూడా. అప్లికేషన్ ప్రింట్ మూడో పేజీలో ఆ మాట ఉంది. నేను మొదటి అఫిడవిట్ రాసేటప్పుడు ఆ పేజీ చదవలేదు.

ఇప్పుడు కేసు ఆకారమే మారింది. రెండో యూనివర్సిటీ సర్టిఫికెట్ అడుగుతోంది, మొదటి యూనివర్సిటీ ఇవ్వట్లేదు, మధ్యలో మనిషి నలుగుతోంది, ఆలస్యంలో ఆవిడ తప్పు లేదని ఒక ముద్ర సాక్ష్యం చెబుతోంది.

రెండో రిట్ ఎందుకు విడిగా వేశాను

మొదటి యూనివర్సిటీని ఉన్న రిట్‌లోనే ప్రతివాదిగా చేర్చొచ్చు. జూనియర్ అదే అన్నాడు. నేను విడిగా వేశాను. ఉన్న రిట్‌లో చేరిస్తే ఇద్దరు స్టాండింగ్ కౌన్సిళ్లు (యూనివర్సిటీల తరఫు లాయర్లు), రెండు కౌంటర్లు (జవాబు అఫిడవిట్లు), ఒకరి కోసం ఒకరు వాయిదాలు. నాకు మొదటి యూనివర్సిటీతో ఉన్న పని చిన్నది: పెండింగ్‌లో ఉన్న ఒక ఉత్తరం మీద నిర్ణయం. అలాంటి రిట్లు చాలావరకు అడ్మిషన్ దశలోనే, అంటే మొదట విచారణకి వచ్చినప్పుడే, ఇన్ని వారాల్లో నిర్ణయం తీసుకోండి అని ముగుస్తాయి.

ఏం అడగాలన్నది కూడా చాలాసేపు ఆలోచించాను. "సర్టిఫికెట్ ఇమ్మని ఆదేశించండి" అని అడగాలనిపిస్తుంది. అలా అడిగితే ఆవిడకి ఐదు షరతులూ తీరాయా లేదా అన్నది కోర్టు తేల్చాలి. థీసిస్ ఎవరు దిద్దారు, జర్నల్ రెఫరీడా కాదా అన్న విషయాల్లోకి కోర్టులు దిగవు. చదువులకి సంబంధించిన విషయాల్లో నిపుణుల అభిప్రాయాన్ని తోసిపుచ్చడానికి కోర్టులు తొందరపడకూడదని 1963లో మైసూరు యూనివర్సిటీ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పిన దగ్గర్నుంచి ఇదే దారి. అందుకే "మా దరఖాస్తు మీద నాలుగు వారాల్లో, కారణాలు చూపిస్తూ నిర్ణయం తీసుకోమనండి" అని మాత్రం అడిగాను. ఎంత తక్కువ అడిగితే అంత త్వరగా వస్తుంది. మొదటి యూనివర్సిటీ స్టాండింగ్ కౌన్సిల్ అభ్యంతరం లేదన్నారు. మొదటి వాయిదాలోనే ఉత్తర్వు వచ్చింది. ఈ రిట్‌లో మొదటి రిట్ సంగతి, మొదటి రిట్‌లో దీని సంగతి దాచకుండా రాశాను. ఒకే క్లయింట్‌కి రెండు రిట్లున్నప్పుడు ఒకదాన్ని దాస్తే రెండూ పోతాయి.

ఉత్తర్వు వచ్చాక అసలు పని మొదలైంది. సెక్షన్‌లో ఫైలు కదలాలంటే ఆధారాలన్నీ మనమే పెట్టాలి. ఒక్కో షరతుకి ఒక్కో తలనొప్పి.

ఎగ్జామినర్ల వివరాలు రహస్యమని ఎగ్జామినేషన్ బ్రాంచ్ అంతకుముందే ఆవిడ ఆర్‌టీఐకి జవాబిచ్చింది. ఆవిడ అడిగిన తీరులోనే ఇబ్బంది ఉంది, పేర్లు, చిరునామాలు అడిగారు. మనకి పేర్లు ఎందుకు? మళ్లీ అడిగించాను: థీసిస్‌ని దిద్దినవాళ్లు ఎంతమంది, వాళ్లలో యూనివర్సిటీకి బయటివాళ్లు ఎంతమంది. అంతే. ఇరవై రెండు రోజుల్లో జవాబొచ్చింది: ముగ్గురు, ముగ్గురూ బయటివాళ్లే.

ఓపెన్ వైవాకి ఆధారం ఆవిడ గైడ్ దగ్గర దొరికింది. ఆయన రిటైరై ఉన్నారు. డిపార్ట్‌మెంట్ నోటీసు బోర్డులో పెట్టిన సర్క్యులర్ కాపీ, ఆ రోజు హాజరైనవాళ్ల సంతకాల కాగితం రెండూ పాత ఫైల్లో దాచారు. తన దగ్గర పీహెచ్‌డీ చేసిన ప్రతి ఒక్కరి ఫైలూ ఆయన అలాగే ఉంచారట. అలాంటి గైడ్లు ఉండబట్టే చాలామంది బతికిపోతున్నారు.

సదస్సుల దగ్గర ఇరుకున పడ్డాం. రెండు సర్టిఫికెట్లున్నాయి, ఒకదాని మీద యూజీసీ సాయంతో అని అచ్చయి ఉంది, రెండోదాని మీద కాలేజీ పేరు తప్ప ఏమీ లేదు. ఆవిడ ఆ కాలేజీకి వెళ్లి లైబ్రరీలో ఆ సదస్సు వ్యాసాల సంకలనం వెతికారు. లోపలి అట్ట మీద ఐసీఎస్‌ఎస్‌ఆర్ ఆర్థిక సాయంతో అని ఉంది. ప్రిన్సిపాల్ చేత ఆ పేజీ అటెస్ట్ చేయించాం.

ఇరవై ఆరో రోజున సర్టిఫికెట్ వచ్చింది. ఐదు పాయింట్లకీ ఎదురుగా తేదీలతో. ఆ ఫార్మాట్ మేమే తయారు చేసి దరఖాస్తుకి జత చేశాం, తేదీల గడి కావాలనే పెట్టాం. రిజిస్ట్రార్ సంతకం చేసిన తేదీ చివరి తేదీ తర్వాతదే అవుతుందని ముందే తెలుసు. లోపలున్న ప్రతి తేదీ చివరి తేదీకి ఎన్నో ఏళ్ల ముందుదని ఆ కాగితమే చెప్పాలి.

తిరిగి మొదటి రిట్‌లోకి

సర్టిఫికెట్‌తో అదనపు అఫిడవిట్ వేసి, కొత్తగా మధ్యంతర దరఖాస్తు పెట్టాను. ఒకసారి కాదన్నాక మళ్లీ ఎలా అడుగుతారని యూనివర్సిటీ అంది. అప్పుడు లేని కాగితం ఇప్పుడుంది, అది లేకపోవడానికి కారణం మేము కాదు అన్నాం. ఇంటర్వ్యూకి తాత్కాలికంగా అనుమతించండి, ఫలితం సీల్డ్ కవర్‌లో ఉంచండి, ఆ సబ్జెక్టులో ఒక పోస్టు ఈ రిట్ తీర్పుకి లోబడి ఖాళీగా ఉంచండి అని ఉత్తర్వు వచ్చింది.

ఆ మూడో భాగం అడగడం అన్నిటికంటే ముఖ్యమైన నిర్ణయం అనుకుంటాను. పోస్టులన్నీ నిండిపోతే తర్వాత గెలిచినా ఎవరినో ఒకరిని లేపాలి. వాళ్లని ప్రతివాదులుగా చేర్చకుండా వాళ్లకి వ్యతిరేకంగా ఉత్తర్వు రాదు, చేరిస్తే ఏళ్లు పడుతుంది, ఈలోగా వాళ్లు కూడా ఇల్లు కట్టుకుని పిల్లల్ని బళ్లో వేసి స్థిరపడతారు. 1993లో రేఖా చతుర్వేది కేసులో సుప్రీంకోర్టు, రాజస్థాన్ యూనివర్సిటీ చేసిన ఎంపికలు తప్పని చెప్పి కూడా, ఎనిమిదేళ్లు గడిచిపోయాయని ఆ ఉద్యోగాలని కదిలించలేదు. పేరుకి గెలుపు, చేతికి ఏమీ రాదు. అది నాకు వద్దు.

అదే రేఖా చతుర్వేది తీర్పు ఫైనల్ హియరింగ్‌లో మా మీదకే వచ్చింది. అప్లికేషన్ల చివరి తేదీ నాటికి అర్హత ఉండాలి, ఎంపిక నాటికి వస్తే చాలదు అన్నది అందులోని సూత్రం. యూనివర్సిటీ కౌంటర్‌లో మూడు అభ్యంతరాలు తీసుకుంది. పీహెచ్‌డీ పార్ట్‌టైమ్ కాబట్టి రెగ్యులర్ కాదు. రెండో పేపరు డిగ్రీ వచ్చిన ఏడాది తర్వాత అచ్చయింది. సర్టిఫికెట్ చివరి తేదీ దాటాక వచ్చింది.

మొదటిది తేలిగ్గానే పోయింది. రెగ్యులర్‌కి వ్యతిరేకం దూరవిద్య, పార్ట్‌టైమ్ కాదు. 2016 పీహెచ్‌డీ రెగ్యులేషన్స్ దూరవిద్యలో పీహెచ్‌డీ వద్దంటూ, ఆ పక్కనే మిగతా షరతులన్నీ తీరితే పార్ట్‌టైమ్ పీహెచ్‌డీకి అనుమతి ఉందని చెప్పాయి. రెండోదానికి జవాబు రూలు మాటల్లోనే ఉంది. "పీహెచ్‌డీ పని నుంచి రెండు పేపర్లు" అని ఉంది తప్ప డిగ్రీకి ముందే అచ్చవ్వాలని లేదు. లేని మాటని యూనివర్సిటీ చేర్చకూడదు. పేపరు 2013లో వచ్చింది, నోటిఫికేషన్‌కి చాలా ముందు.

మూడోదాని మీద పూట మొత్తం గడిచింది. వాళ్ల వైపు బలమైన తీర్పే ఉంది. 2011లో బేదంగ తాలుక్‌దార్ కేసులో, నోటిఫికేషన్‌లో అడిగిన పత్రం గడువులోపు ఇవ్వని అభ్యర్థికి, సడలించే అధికారం ముందే ప్రకటించి ఉంటే తప్ప, సడలింపు కుదరదని సుప్రీంకోర్టు చెప్పింది. మేము 1980 నాటి చార్లెస్ స్కేరియా తీర్పుని, 2004 నాటి డాలీ ఛందా తీర్పుని పట్టుకున్నాం. అర్హత ఉండటం వేరు, ఉందని రుజువు చూపడం వేరు, అర్హత గడువులోపే ఉండి రుజువు కాస్త వెనక వస్తే దాన్ని అర్హత లేకపోవడంగా చూడకూడదన్నది ఆ రెండిటి సారం. స్కేరియా కేసులో డిప్లొమా చివరి తేదీకి ముందే పాసయ్యారు, కాగితం తర్వాత వచ్చింది. మాది సరిగ్గా అదే.

రెండు వైపులా సుప్రీంకోర్టు తీర్పులున్నప్పుడు కేసు నిజాల మీద తిరుగుతుంది. మా నిజాలు మూడు. చివరి తేదీకి పంతొమ్మిది రోజుల ముందు పడిన ఇన్‌వార్డ్ ముద్ర. సర్టిఫికెట్‌కి దరఖాస్తు చేశానని అప్లికేషన్‌లోనే ఆవిడ రాసిన మాట. ఇక మూడోది నోటిఫికేషన్‌లోనే ఉంది: ఉద్యోగంలో ఉన్నవాళ్లు ఎన్‌ఓసీని (ఇప్పుడు పనిచేసే సంస్థ ఇచ్చే అభ్యంతరం లేదన్న పత్రాన్ని) ఇంటర్వ్యూ రోజున ఇవ్వొచ్చు. ఇంకొకరి చేతిలో ఉన్న కాగితం ఆలస్యం కావచ్చని యూనివర్సిటీకి తెలుసు, ఒక కాగితానికి ఆ వెసులుబాటు ఇచ్చింది, ఇంకో కాగితానికి ఎందుకివ్వదు అని అడిగాం. బేదంగ తాలుక్‌దార్ తీర్పుతో తేడా కూడా అక్కడే చూపించాం, ఈ నోటిఫికేషన్ ప్రతి కాగితాన్నీ చివరి తేదీకే కట్టేయలేదు.

జడ్జిగారు ఆ జిరాక్స్ కాగితం అసలు ప్రతి అడిగారు. ఆవిడ దగ్గరున్నది ఎక్నాలెడ్జ్‌మెంట్ కాపీ, ముద్ర అసలుదే. చూసి వెనక్కిచ్చారు. రిట్ అలో అయింది, అంటే తీర్పు మాకు అనుకూలంగా వచ్చింది. ఆవిడకి గడువునాటికే అర్హత ఉన్నట్టు పరిగణించి సీల్డ్ కవర్ తెరవమన్నారు.

కవర్‌లో ఆవిడ మార్కులు ఆవిడ కేటగిరీలో చివర ఎంపికైన వ్యక్తి కంటే ఎక్కువే ఉన్నాయి. యూనివర్సిటీ రిట్ అప్పీల్‌కి వెళ్లింది, ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్ దాన్ని అడ్మిషన్‌లోనే కొట్టేసింది. ఖాళీగా ఉంచిన పోస్టులో చేరారు. ఎవరి ఉద్యోగమూ పోలేదు. మొదటి రోజు నుంచి చేరే రోజుకి రెండేళ్లు దాటింది.

అడిగినవన్నీ రాలేదు. తోటివాళ్లు చేరిన తేదీ నుంచి సీనియారిటీ, జీతం ఇమ్మని అడిగాం. జీతం పని చేయని కాలానికి కుదరదన్నారు. సీనియారిటీ ప్రశ్నని యూనివర్సిటీకే వదిలారు, వాళ్లు చేరిన తేదీ నుంచే లెక్కించారు. దాని మీద మళ్లీ రిట్ వేద్దామా అని ఆవిడని అడిగితే వద్దన్నారు. క్లాసులు చెప్పుకోనివ్వండి సార్ అన్నారు. నేను బలవంతపెట్టలేదు. ప్రమోషన్ సమయానికి ఆ రెండేళ్లు గుర్తుకొస్తాయని తెలుసు, ఆ మాట కూడా చెప్పాను. నిర్ణయం ఆవిడది.

ఇప్పుడు నేను మార్చుకున్నవి

అర్హత కేసు ఏదొచ్చినా మొదటి రోజే సంచి ఖాళీ చేయిస్తాను. ఇంటర్వ్యూ రేపే ఉన్నా సరే, రెండు గంటలు దానికిస్తాను. తీర్పులు తర్వాత.

క్లయింట్ అప్లికేషన్ ప్రింట్ ప్రతి పేజీ చదువుతాను, ముఖ్యంగా వాళ్లు చేత్తో రాసిన లేదా గడుల్లో నింపిన మాటలు. వాళ్ల కేసు వాళ్లే అక్కడ రాసి ఉంటారు.

2018 రెగ్యులేషన్స్‌లో యూనివర్సిటీ పోస్టులకి 2021 జూలై నుంచి పీహెచ్‌డీ తప్పనిసరి అన్నారు, తర్వాత దాన్ని 2023కి జరిపారు, 2023లో మళ్లీ నెట్ లేదా సెట్ చాలన్నారు. రూలు ఇన్నిసార్లు మారే చోట, నోటిఫికేషన్ తేదీనాడు ఏ రూలు నడుస్తోందో ఒక కాగితం మీద రాసుకోకుండా క్లయింట్‌కి సలహా ఇవ్వను. 2009కి ముందు రిజిస్టరై, ఇంకా ఐదు పాయింట్ల సర్టిఫికెట్ తీసుకోనివాళ్లు నోటిఫికేషన్ కోసం ఎదురుచూడొద్దు. గైడ్ బతికి ఉండగా, ఫైళ్లు చెదలు పట్టకముందు, ఇప్పుడే రాతపూర్వకంగా అడగండి. ఇవ్వకపోతే ఇవ్వనన్న మాటా రాతలోనే తీసుకోండి.

పోయిన నెల ఒకాయన వచ్చారు, సైన్స్ సబ్జెక్టు, 2008 రిజిస్ట్రేషన్. సర్టిఫికెట్ అడిగారా అంటే అడిగానన్నారు. ఉత్తరం కాపీ చూపించమన్నాను. "సెక్షన్‌లో నోటిమాటగా అడిగాను సార్, ఇస్తామన్నారు" అన్నారు. నోటిఫికేషన్ చివరి తేదీకి ఇంకా పదకొండు రోజులుంది. అక్కడే నా టేబుల్ మీద ఉత్తరం రాయించి, మధ్యాహ్నం బస్సుకి పంపించాను. సాయంత్రం ఆయన వాట్సాప్‌లో ఫోటో పెట్టారు, ఇన్‌వార్డ్ ముద్ర కొంచెం అలుక్కుపోయి ఉంది, తేదీ మాత్రం కనబడుతోంది.